గోల్ఫ్ క్రీడలో అర్హత : ఒక ఆలోచన

మేళ్లచెరువులో గోల్ఫ్ మైదానం లేదు. చుట్టుపక్కల మండలాలలో కూడా లేదు. ఉన్నవి సున్నపురాయి గనులు, సిమెంటు కర్మాగారాలు, పత్తి చేలు, మిరప చేలు. ఇటువంటి చోట వెలువడే కళాశాల సంచికలో గోల్ఫ్‌ను గూర్చి వ్యాసమేమిటని పాఠకులు నవ్వుకొన్నా మాకు అభ్యంతరం లేదు. శ్రీమంతుల కాలక్షేపంగా పేరుపడిన ఆ ఆటను మేము పొగడబోవడం లేదు. ఆ ఆటలోని అగ్రశ్రేణి పోటీలలోనికి ఒక వృత్తి క్రీడాకారుడు ఏ విధంగా ప్రవేశిస్తాడు అన్న ఒక్క సంగతే మమ్మల్ని ఆలోచింపజేసింది. ఎవరి సిఫారసూ లేకుండా, కేవలం తాను సంపాదించిన అంకెల బలంతో మనిషి లోపలికి పోగల తలుపు ఒకటి అక్కడ ఉన్నది. ఆ తలుపు ఏటేటా సన్నబడుతున్నది. అది సన్నబడరాదని మా అభిప్రాయం. ఈ మాట మన విద్యార్థులకు ఎందుకు పనికివస్తుందో ముందు ముందు విన్నవించుకొంటాము.

మహాశివరాత్రి జాతర సందర్భంగా మన ఊరిలో జరిగే ఎడ్ల బండలాగుడు పోటీలను చూచినవారికి ఈ విషయం సులభంగానే బోధపడుతుంది. అక్కడ ఎడ్ల జతలన్నిటినీ ఒకే బండకు కట్టరు. పళ్లను బట్టి విభాగాలుంటాయి. పాలపళ్ల గిత్తలు వేరు, రెండు పళ్లవి వేరు, నాలుగు పళ్లవి, ఆరు పళ్లవి వేరు, ఆ పైన సీనియర్లు వేరు. విభాగం పెరిగిన కొద్దీ బండ బరువు పెరుగుతుంది. నిర్ణీత కాలంలో ఏ జత ఎన్ని అడుగుల దూరం లాగిందన్నదే లెక్క. జత యజమాని ఏ ఊరి మోతుబరి అన్నది కొలిచే టేపుకు తెలియదు. గుంటూరు, కృష్ణా ప్రాంతాల నుండి లారీలలో ఎడ్లను తోలుకొని వచ్చినవారు కూడా ఆ టేపు చెప్పిన మాటకు తలవంచి ఇంటికి పోతారు. గోల్ఫ్‌లో అర్హత పోటీ అనేది స్థూలంగా ఇటువంటి వ్యవస్థయే.

ఆట స్వరూపం రెండు మాటలలో చెప్పుకొందాము. మైదానంలో పద్దెనిమిది గుంటలుంటాయి. ఎంత తక్కువ దెబ్బలతో బంతిని అన్ని గుంటలలోనూ వేస్తే అంత గొప్ప. పెద్ద పోటీలు సాధారణంగా నాలుగు రోజులు, డెబ్బయి రెండు గుంటలు. రెండు రోజులు గడచిన తరువాత వెనుకబడిన సుమారు సగం మందిని ఇంటికి పంపివేస్తారు. దానిని ‘కట్’ అంటారు. అలా వెనుదిరిగినవారికి సామాన్యంగా ఒక్క పైసా రాదు. వృత్తి గోల్ఫరుకు నెలజీతం లేదన్న సంగతి చాలామందికి తెలియదు. విమాన ఖర్చు తనదే, బస ఖర్చు తనదే, సంచీ మోసే క్యాడీకి కూలి కూడా తనదే. మన కూలివానికి పనికి పోయిన నాడు కూలి దక్కుతుంది. ఇతనికి పనిచేసిన నాడు కూడా దక్కుతుందన్న భరోసా లేదు.

ఇక అగ్రశ్రేణి టూరులో ఆడటానికి ‘కార్డు’ కావాలి. కార్డు అనగా ఆ సంవత్సరం పోటీలలో పాల్గొనే హక్కు. అది జీవితకాలపు ఉద్యోగం కాదు. సంవత్సరాంతంలో పట్టికలో నిర్ణీత స్థానానికి దిగువన ఉంటే ఆ హక్కు పోతుంది. అమెరికాలోని పీజీఏ టూరులో చాలాకాలం పాటు మొదటి 125 మంది తమ కార్డులను నిలుపుకొనేవారు. 2026 నుండి ఆ సంఖ్యను 100కు కుదించారు.

కొత్తవారు లోపలికి వచ్చే ప్రధాన మార్గానికి క్వాలిఫయింగ్ స్కూల్ అని పేరు. పేరులో పాఠశాల ఉన్నదే గాని అందులో పాఠం లేదు, గురువు లేడు. పరీక్ష మాత్రమే ఉన్నది. తెలుగు అధ్యాపకులమైన మాకు ఈ పేరు వింతగా తోచింది. పీజీఏ టూరుకు మొట్టమొదటి క్వాలిఫయింగ్ స్కూలు 1965లో ఫ్లోరిడా రాష్ట్రంలో జరిగింది. 144 గుంటల పరీక్ష అది. అందులో 17 మందికి కార్డులు దక్కాయి. తరువాతి కాలంలో తుది దశ ఆరు రోజులు, 108 గుంటలుగా స్థిరపడింది. 2012 వరకు ఈ పరీక్షలో నెగ్గినవాడు నేరుగా పెద్ద టూరులో అడుగుపెట్టేవాడు. 2013 నుండి ఆ దారిని మళ్లించి, నెగ్గినవారికి రెండవ శ్రేణి టూరులో మాత్రమే చోటిచ్చారు. పదేళ్ల తరువాత, 2023లో, నేరు మార్గాన్ని మళ్లీ తెరిచారు. కాని ఎంత మందికి? మొదటి అయిదు స్థానాలవారికి. నాలుగు అంచెలు దాటి వచ్చిన వారిలో అయిదు స్థానాలు! రెండవ శ్రేణి టూరు నుండి పైకి పోయేవారి సంఖ్యను కూడా ముప్పయి నుండి ఇరవైకి తగ్గించారు. ఐరోపా టూరు వారిది మరొక పరీక్ష; తుది దశ స్పెయిన్‌లో ఆరు రోజులు సాగుతుంది, ఇరవై మందికి అటూ ఇటూ కార్డులు లభిస్తాయి. ఆసియా టూరు వారిది థాయ్‌లాండ్‌లో. అక్కడ ముప్పయి అయిదు స్థానాల వరకు చోటున్నది. మన దేశంలో 2006లో ఏర్పడిన ప్రొఫెషనల్ గోల్ఫ్ టూర్ ఆఫ్ ఇండియాకు కూడా ఇటువంటి స్కూలే ఉన్నది. ముందుగా ప్రాథమిక దశలు, పిదప తుది దశ. ఇవి గాక సోమవారపు అర్హత అని మరొకటున్నది. గురువారం నాడు మొదలయ్యే పోటీకి సోమవారం ఒక్కరోజు ఆట పెట్టి, ఒకరిద్దరికో నలుగురికో చోటిస్తారు. అమెరికాలో ఇప్పుడు దానిని కూడా కొన్ని పోటీలలో తగ్గించారు, కొన్నింటిలో తీసివేశారు.

ఒకరిద్దరికి చోటిస్తే ఏమి, ఇవ్వకపోతే ఏమి అనుకోవచ్చు. అర్జున్ అత్వాల్ కథ తెలిసినవారు ఆ మాట అనరు. కలకత్తాలో పెరిగిన అత్వాల్ 2003 చివర క్వాలిఫయింగ్ స్కూలులో నెగ్గి 2004లో పీజీఏ టూరులో సభ్యుడైన మొదటి భారతీయుడు. కొన్నేళ్లకు గాయాలపాలై ఆట తగ్గింది. 2010 నడి వేసవిలో కార్డు కూడా పోయింది. ఆ ఆగస్టులో నార్త్ కరోలినాలోని విండమ్ పోటీకి అతడు సోమవారపు అర్హత ఆడి, నెగ్గి, ఆ వారమే పోటీని కూడా గెలిచాడు. పీజీఏ టూరులో గెలుపొందిన తొలి భారతీయుడయ్యాడు. సోమవారపు అర్హత నుండి వచ్చి పోటీ గెలిచినవాడు అంతకు ముందు 24 సంవత్సరాలలో ఒక్కడు కూడా లేడు. ఆ సోమవారం తలుపు మూసి ఉంటే మన దేశపు గోల్ఫ్ చరిత్రలో ఆ ఆదివారం ఉండేది కాదు. ఇరవై నాలుగేళ్లకు ఒకసారి పనికివచ్చే తలుపు దండుగ అని లెక్కలవారు వాదించవచ్చు. అర్హత పోటీ ఫలితాలను ఇటువంటి సగటు లెక్కలతో తూచరాదని మా వాదం.

తెలుగువారి సంగతికి వద్దాము. హైదరాబాదు నుండి అమెరికాకు వెళ్లిన తల్లిదండ్రులకు 1997లో కాలిఫోర్నియాలో జన్మించిన సాహిత్ తీగల నేడు ప్రపంచ గోల్ఫ్‌లో పేరెన్నిక గన్నవాడు. సాహిత్ అన్న పేరు వినగానే తెలుగు బోధించేవారి చెవులు నిక్కబొడుచుకోవడం సహజం. అక్కడి పాఠకులు దానిని ఏ విధంగా పలుకుతున్నారో గాని మనకు మాత్రం పేరులోనే సాహిత్యం, ఇంటిపేరులో వీణ తీగలు వినిపిస్తున్నాయి. బాల్యంలోనే వెన్నెముక వంకర తిరిగే వ్యాధి ఉన్నట్లు వైద్యులు గుర్తించారు. అయినా ఆడాడు. పెప్పర్‌డైన్ విశ్వవిద్యాలయ విద్యార్థిగా 2020లో, అమెరికా కళాశాల గోల్ఫ్‌లో అత్యున్నతమైనవిగా భావించే మూడు పురస్కారాలను ఒకే సంవత్సరంలో పొందాడు.

అంతటి విద్యార్థికి తలుపులు వాటంతటవే తెరుచుకొని ఉంటాయని మనం ఊహిస్తాము. జరిగింది వేరు. 2020 మహమ్మారి సంవత్సరం. ఆ ఏడు క్వాలిఫయింగ్ స్కూలే జరగలేదు. పరీక్షకు సిద్ధపడినవాని ముందు పరీక్షా కేంద్రమే మూసివేసినట్లయింది. కళాశాల క్రీడాకారులను శ్రేణుల వారీగా లెక్కించి పై టూర్లలో చోటిచ్చే పద్ధతి ఆ తరువాతి తరగతి వారితో గాని మొదలు కాలేదు. మిగిలిన దారి ఒకటే. పోటీలను నిర్వహించే దాతలు తమ ఇష్టం మేరకు కొందరిని ఆహ్వానిస్తారు. అటువంటి ఆహ్వానాల మీద సాహిత్ ఆడాడు. సభ్యత్వం లేకుండానే తగినన్ని పాయింట్లు కూడబెట్టి, 2021లో రెండవ శ్రేణి టూరు వారి చివరి పోటీల వరుసలో ఆడే అర్హత సంపాదించి, అందులో రాణించి, 2021–22 సీజనుకు కార్డు పొందాడు.

ఇక్కడ మా వాదానికి ఒక చిక్కు ఎదురవుతున్నది. ఆహ్వానం అంటే సిఫారసే గదా! సిఫారసు లేని తలుపును మెచ్చుకొంటూ సిఫారసుతో వచ్చినవానిని ఎట్లా మెచ్చుకొంటున్నారని ఎవరైనా అడగవచ్చు. మా సమాధానమిది. ఆహ్వానం అతనికి ఆడే అవకాశాన్ని మాత్రమే ఇచ్చింది, కార్డును ఇవ్వలేదు. కార్డు కోసం అతడు అందరివలెనే దెబ్బలు లెక్కించుకోవలసి వచ్చింది. గుమ్మం దాకా తీసుకొనిపోయే సిఫారసు ఒకటి, గుమ్మం దాటించే సిఫారసు మరొకటి. మొదటిదానిని సహించవచ్చు, రెండవది ఎక్కడ ఉన్నా అన్యాయమే. అయినప్పటికీ, మూడు పురస్కారాలు పొందినవానికి ఆహ్వానాలు వస్తాయి. ఏ పురస్కారమూ లేని సమర్థునికి రావు. కనుక అర్హత పోటీ జరగని సంవత్సరం నష్టపోయినవారి పేర్లు మనకు ఎప్పటికీ తెలియవు.

కార్డు వచ్చిన తరువాతి కథ కూడా చెప్పుకోదగినదే. 2022 ఫిబ్రవరిలో ఫీనిక్స్ పోటీలో గెలుపు ముంగిట ఉండగా పదిహేడవ గుంట వద్ద అతని బంతి దొర్లి నీటిలో పడింది; మూడవ స్థానం పంచుకోవలసి వచ్చింది. 2023 సెప్టెంబరులో నాపాలో జరిగిన ఫోర్టినెట్ పోటీలో మొదటి విజయం లభించింది. 2024లో ప్రెసిడెంట్స్ కప్ పోటీకి అమెరికా జట్టులో చోటు దొరికింది. వీటన్నిటికంటె మాకు నచ్చిన సంఘటన 2024 టూర్ ఛాంపియన్‌షిప్ మూడవ రోజున జరిగింది. ఇసుక గుంటలో ఉన్న బంతిని కొట్టడానికి కర్రను వెనుకకు ఎత్తేటప్పుడు కర్ర ఇసుకను తాకినట్లు సాహిత్‌కు అనిపించింది. నిబంధన ప్రకారం అది తప్పు. తానే అధికారిని పిలిచి సంగతి చెప్పి, రెండు దెబ్బల శిక్షను నెత్తిన వేసుకొన్నాడు. ఒక్కొక్క స్థానానికి లక్షల డాలర్ల తేడా ఉండే పోటీ అది. చివరకు మూడవ స్థానంలో నిలిచాడు. పరీక్ష హాలులో ఇన్విజిలేటరుగా నిలబడినప్పుడెల్లా మాకు ఆ ఇసుక రేణువులు గుర్తుకు వస్తుంటాయి. అంతకుమించి వ్రాయడం మా విద్యార్థులకు రుచించదు కాబోలు!

ఇంతవరకు తలుపును గూర్చి మాట్లాడాము. తలుపు దగ్గర కూర్చున్న రుసుమును గూర్చి కూడా చెప్పక తప్పదు. పీజీఏ టూరు క్వాలిఫయింగ్ స్కూలులో ప్రవేశ రుసుమే వేల డాలర్లు. నెగ్గకపోతే ఆ ధనం తిరిగి రాదు. బండలాగుడు పోటీలో టేపు అందరికీ ఒకటే అయినా, ఏడాది పొడవునా ఒంగోలు గిత్తలకు ఉలవలు, పాలు, గుడ్లు పెట్టి మేపగలిగే రైతు వేరు, దుక్కికి ఒక జతను నిలుపుకోవడమే కష్టమైన రైతు వేరు. రెండవవాడు బరిలోనికే రాడు. గోల్ఫ్‌లో ఈ వ్యత్యాసం మరింత తీవ్రం. సాధన చేయడానికి మైదానమే దొరకదు. అమెరికాలో ఆనాటికి రుసుము చెల్లించి ఎవరైనా ఆడుకోగల ప్రజా మైదానాలు విరివిగా ఉన్నాయి. మన రాష్ట్రంలో చెప్పుకోదగిన మైదానాలు వ్రేళ్ల మీద లెక్కించవచ్చు. ఒకటి గోలకొండ కోట ప్రక్కన నయాఖిలాలో, మరొకటి గచ్చిబౌలి బండరాళ్ల నడుమ. నయాఖిలాలో ఏనుగు దేహమంత మానుతో శతాబ్దాలనాటి బావోబాబ్ వృక్షం ఒకటి ఉన్నది, చూడదగినది. మన ఊరి నుండి అక్కడికి సుమారు రెండు వందల కిలోమీటర్లు.

మన దేశంలో పేదల బిడ్డలు ఈ ఆటలోనికి ఏ దారిన వచ్చారో గమనించండి. అలీ షేర్ ఢిల్లీ గోల్ఫ్ క్లబ్బులో క్యాడీ. ఇతరుల సంచీలు మోస్తూ, మోస్తూ ఆట నేర్చాడు. 1991లో ఇండియన్ ఓపెన్ గెలిచి, ఆ ఘనత సాధించిన మొదటి భారతీయ వృత్తి క్రీడాకారుడయ్యాడు. 1993లో మళ్లీ గెలిచాడు. చౌరసియా తండ్రి రాయల్ కలకత్తా గోల్ఫ్ క్లబ్బులో పచ్చిక సంరక్షకుడు. 1829లో స్థాపితమైన ఆ క్లబ్బు పచ్చికను తండ్రి కత్తిరించాడు, కుమారుడు 2008లో ఇండియన్ మాస్టర్స్‌ను, 2016, 2017లలో వరుసగా ఇండియన్ ఓపెన్‌ను గెలిచాడు. ఇద్దరూ సభ్యుల గుమ్మం గుండా రాలేదు, పనివారి గుమ్మం గుండా వచ్చారు. వారిని చూచి మన వ్యవస్థ ఉదారమైనదని చాటుకొనేవారున్నారు. మాకు మాత్రం సంచీలు మోస్తూనే వృద్ధులైనవారు ఎందరో అన్న తలంపు వస్తుంది.

నీటికి, పంట భూమికి కటకటపడిన నల్లగొండ ప్రాంతంలో గోల్ఫ్ మైదానాలు కట్టమని మేము కోరడం లేదు. తాగే నీటిలో ఫ్లోరైడు చేరి ఎముకలు వంగిపోయిన పల్లెలను చూచిన కళ్లతో పచ్చికకు నీళ్లు పెట్టమని అనలేము. కాని ఉన్న మైదానాలలో ప్రభుత్వ భూమి గాని ప్రభుత్వ సహాయం గాని పొందినవి ఏవైనా ఉంటే, వారానికి ఒక పూట క్యాడీల పిల్లలకు, పచ్చిక కోసేవారి పిల్లలకు విడిచిపెట్టడం న్యాయం. అర్హత పోటీ మొదటి అంచెలో నిర్ణీత లెక్క సాధించినవానికి రుసుము తిరిగి ఇవ్వడం మరొక న్యాయం. భారత టూరు సంస్థకు 2024 నుండి కపిల్ దేవ్ అధ్యక్షులుగా వచ్చారు. పల్లెల నుండి వచ్చిన బౌలర్లను దగ్గరగా చూచిన ఆయనకు ఈ మాట విడమరచి చెప్పవలసిన పని లేదు.

ఇక మన సంగతి. మన విద్యార్థులెవరూ గోల్ఫ్ ఆడరు. కబడ్డీ ఆడతారు, వాలీబాల్ ఆడతారు, పరుగెత్తుతారు. కొన్నేళ్ల క్రితం ఒక ఎంపిక పోటీకి మా విద్యార్థులను పంపాము. ఉదయం నుండి సాయంత్రం వరకు ఎండలో నిలబెట్టారు. పరుగెత్తించారు, దూకించారు. వారం తరువాత పేర్ల జాబితా వచ్చింది. అందులో పేర్లే ఉన్నాయి. ఎవరు ఎంత దూకారు, ఎవరు ఎన్ని సెకన్లలో పరుగెత్తారు అన్న అంకె ఒక్కటీ లేదు. మా వారికి చోటు దొరకలేదు. దొరకకపోవడం న్యాయమే కావచ్చు. కాని తాను ఎంత దూరంలో ఆగిపోయాడో ఆ అబ్బాయికి తెలియలేదు. అతడు మరుసటి ఏడు మళ్లీ ప్రయత్నించలేదు. గోల్ఫ్ అర్హత పోటీలో ఒక్క దెబ్బ తేడాతో ఓడినవాడు ఆ ఒక్క దెబ్బ ఏదో తెలుసుకొని ఇంటికి పోతాడు. ఈ రెండు ఓటములూ ఒకటి కావు.

అందుచేత ఈ సంవత్సరం మన వార్షిక క్రీడోత్సవాలకు ఒక పద్ధతిని ప్రతిపాదిస్తున్నాము. ప్రతి అంశంలోనూ మొదటి ముగ్గురివే గాక, పాల్గొన్న ప్రతివారి కొలతలను అదే సాయంత్రం నోటీసు బోర్డు మీద అంటించాలి. అంతర్ కళాశాలల పోటీలకు ఎవరిని పంపుతున్నామో, ఏ అంకెను బట్టి పంపుతున్నామో దాని క్రిందనే వ్రాయాలి. ప్రయాణపు ఖర్చు లేదన్న కారణంగా ఎవరి పేరైనా కొట్టివేయవలసి వస్తే ఆ సంగతిని క్రీడా నిధి సమావేశంలో ముందుగా చెప్పాలి. దీనికి కావలసినవి ఒక టేపు, ఒక స్టాప్ వాచి, రెండు తెల్లకాగితాలు. టేపు, వాచి కళాశాలలో ఉన్నవే. కాగితాలు మేము తెస్తాము.